ఢీకొన్నట్లు భావించడమైనది

ఈ భూమ్మీద భ్రమరాంబ భయపడనిది ఒక్కటే ఉండేది. గవర్నమెంటు ఆఫీసు. ఎందుకంటే ఆవిడ ఎన్నడూ దాని గుమ్మం ఎక్కలేదు.

మిగతా వాటన్నిటికీ ఆవిడ దగ్గర తగిన భయం సిద్ధంగా ఉండేది. కుక్కరు కూత వేస్తే పేలుతుందని భయం, వెయ్యకపోతే లోపల ఏం జరుగుతోందోనని భయం. కొడుకు ఫోన్ చేస్తే ఏమైందోనని, చెయ్యకపోతే ఏమైపోయాడోనని. భర్త సూర్యప్రకాశం రైసుమిల్లులో గుమస్తా. పెళ్లయిన కొత్తలో ఆయన కూడా అడపాదడపా భయపడేవాడు. ఇంట్లో ఆ పనికి ఒక మనిషి ఉండగా తనకెందుకీ శ్రమ అని తరవాత మానేశాడు.

అటువంటి ఇంట్లో పుట్టిన శివాజీ కార్ల మెకానిక్ అయ్యాడు. పెరట్లో రేకుల షెడ్డు వేసుకున్నాడు. ఊళ్లో సినిమా హాలు మూతపడ్డాక దాని ఆసామి తాలూకు వాళ్లు వేలం పెట్టిన సామాన్లలో, విరిగిన కుర్చీలూ మాసిన తెరా ఎవరెవరో పట్టుకుపోగా, ఎవరికీ అక్కర్లేని పాత విదేశీ కారు శివాజీకి దక్కింది. నల్లగా, ఏనుగంత కారు. లోపల సీట్లు పెద్ద సోఫాల్లా ఉంటాయి. తలుపు వేస్తే బ్యాంకు లాకరు వేసినట్టు చప్పుడు. ఇందులోంచి దిగితే ఎలాంటి పెళ్లికొడుకైనా జమీందారులా కనిపిస్తాడని శివాజీకి అర్థమైపోయింది. పెళ్లి ఊరేగింపులకి అద్దెకు తిప్పుకుంటే బతుకు గట్టున పడుతుందనుకున్నాడు.

చిక్కల్లా ఇంజనుతోనే. అది పెట్రోలు తాగేది, పొగ వదిలేది, ఆ రెంటికీ మధ్య చెయ్యవలసిన పని మాత్రం చేసేది కాదు. శివాజీ తిరిగి తిరిగి, వెనకనుంచి లారీ గుద్దేసిన ఒక కొత్తకారు ఇంజను పట్టుకొచ్చాడు. డిక్కీ నుజ్జయింది గాని ఇంజనుకి గీత కూడా పడలేదు. దాని గేరుబాక్సు, దాని వైర్లు, దాన్ని నడిపించే చిన్న కంప్యూటరు పెట్టె, అన్నీ తెచ్చి, పాత కారు కడుపులో ఎక్కడెక్కడ కొయ్యాలో అక్కడ కోసి, ఎక్కడ అతకాలో అక్కడ అతికి కూర్చోబెట్టాడు. పెద్ద పండగలు రెండు సార్లు వచ్చి వెళ్లిపోయాయి, అతనికి తెలియలేదు.

"కంప్యూటరంటన్నావు, దానికేదో వైరసు వస్తాదంట కదరా," అంది భ్రమరాంబ షెడ్డు బయటినుంచే. "అది పక్కన ఇంజనుకి అంటుకుంటేనో?"

"అంటుకోదమ్మా."

"నీకెలా తెలుసు? డాక్టరువా?"

మొదటిసారి స్టార్టు చేసిన రోజున ఆవిడ చెవులు రెండూ మూసుకుని, కళ్లు కూడా మూసుకుని, చాలాసేపు నిలబడింది. చివరికి ఒక కన్ను తెరిచి, "అవలేదా నాయనా? పోనీలే, దిగులు పడకు" అంది.

"అయిందమ్మా. నడుస్తంది."

"శబ్దమేదిరా?"

"రాదు. అదే దీని గొప్ప."

"అమ్మో, చెప్పకుండా నడిచేదాన్ని ఎలా నమ్మేది?" అని ఆవిడ కొత్త భయంతో లోపలికి వెళ్లిపోయింది.

శ్రావణ మాసం ముహూర్తానికి కిళ్లీకొట్టు వీర్రాజు గారి అబ్బాయి ఊరేగింపుకని మొదటి బేరం కుదిరింది. ఇక మిగిలింది ఒక్కటే. కాగితాల్లో పాత ఇంజను పోయి కొత్త ఇంజను చేరాలి. శివాజీ కారు తీసుకుని రవాణా కార్యాలయానికి బయల్దేరాడు. ఒక్కడూ వెళ్తే ఏం సంతకం పెట్టించుకుంటారోనని భ్రమరాంబ కూడా మజ్జిగ సీసా పట్టుకుని వెనకసీట్లో ఎక్కింది. ఆ విధంగా ఆవిడ జీవితంలో మొదటిసారిగా గవర్నమెంటు ఆఫీసు గుమ్మం ఎక్కింది.

ఆ ఏడాది రవాణా శాఖకు ఒక ఉత్సాహం పట్టుకుని ఉంది. వాహనానికి ప్రాణం ఎక్కడ ఉంటుంది? అన్నది తేల్చాలని పైవాళ్లు ఒక సంఘం వేశారు. ఆ సంఘం సముద్రం ఒడ్డున ఒక హోటల్లో మకాం పెట్టి, సాయంత్రాలు తీవ్రంగా చర్చించి, ఇంజనులో ఉంటుందని తేల్చింది. వెంటనే అన్ని ఊళ్లకూ ఉత్తర్వు వచ్చింది. కార్యాలయాల్లో బ్యానర్లు కట్టారు. 'ఇంజనే ప్రాణం, ప్రాణమే ప్రగతి' అని ఉద్యోగులు రోజూ పొద్దున్నే ప్రతిజ్ఞ చేస్తున్నారు.

వాహనాల ఇన్‌స్పెక్టరు పరాంకుశం గారు బానెట్ ఎత్తించి తొంగి చూశారు. కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చూశారు.

"ఇందులో ఉండవలసిన ఇంజను ఏది?"

"తీసేశానండి. షెడ్డులో ఉంది."

"ఇదెవరు?"

"కొత్తదండి. బాగా నడుస్తది."

"అయితే ఈ కారు పోయింది," అన్నారు పరాంకుశం గారు, పరామర్శకి వచ్చినవాళ్ల గొంతుతో.

భ్రమరాంబ గుండె పట్టుకుంది. "ఎక్కడికి పోయిందండీ బాబూ? ఇక్కడే ఉందిగా!"

"తమరు చూస్తున్నది దేహమమ్మా. ప్రాణం మారింది. ఉత్తర్వు ప్రకారం ఇంజను జన్మించిన దినమే వాహనము జన్మించిన దినముగా పరిగణించవలెను. పాత కారు గతించినది. ఇది నూతన శిశువు."

శివాజీ మొహం విప్పారింది. "అంటే కొత్త కారేనాండి? పాత బండ్ల పన్నులూ అవీ ఉండవా?"

"ఎందుకుంటాయి? నిన్నగాక మొన్న పుట్టిన వాహనం." పరాంకుశం గారు పక్క కాగితం తీశారు. "నూతన వాహనం అన్నాక దాన్ని ఎవరో తయారు చేసి ఉండాలి. ఎవరు చేశారు?"

"ఎవరో ఫారిన్ వాళ్లండి..."

"వాళ్లు చేసినది గతించినదని ఇప్పుడే చెప్పాను. ఇందులో ఈ ప్రాణం పోసినది ఎవరు?"

"నేనేనండి."

"అయితే తయారీదారువి నువ్వే. తమ కార్ల కర్మాగారం ఎక్కడుందో చెబితే తనిఖీకి వస్తాం," అన్నారు పరాంకుశం గారు. అప్పటిదాకా వాణ్ణి 'నువ్వు' అన్న మనిషి ఒక్కసారిగా 'తమరు'లోకి దిగడం చూసి భ్రమరాంబకి ముచ్చెమటలు పోశాయి. అంత మర్యాద మంచికి కాదని ఆవిడకి తెలుసు.

అన్నట్టే వచ్చారు. షెడ్డులోకి అడుగుపెట్టి, చుట్టూ చూసి, "ఇది ఎన్నో యూనిట్టు?" అన్నారు.

"ఇదొక్కటేనండి."

"ఈ సంవత్సరపు ఉత్పత్తి?"

"ఒక కారండి."

"వచ్చే సంవత్సరపు లక్ష్యం?"

"ఇంకేం చెయ్యనండి. దీన్నే తిప్పుకుంటాను."

"ఉత్పత్తి పూర్తిగా పడిపోనున్నది," అని పరాంకుశం గారు విచారంగా రాసుకున్నారు. "కార్మికులు?"

"నేనేనండి."

"యాజమాన్యం?"

"అదీ నేనేనండి."

"కార్మికులు సమ్మెకి దిగితే యాజమాన్యం చర్చలు ఎక్కడ జరుపుతుంది?"

శివాజీ చుట్టూ చూసి, "ఆ నులకమంచం మీదండి" అన్నాడు.

పరాంకుశం గారు మంచాన్ని చేత్తో నొక్కి చూసి, సమావేశ మందిరం కలదు అని రాసుకున్నారు. కరివేపాకు చెట్టుని హరితవనం కింద రాసి, వైశాల్యం చాలదని గీత పెట్టారు. భ్రమరాంబ కాఫీ తెచ్చింది. తాగి, క్యాంటీన్ కలదు, చక్కెర ఎక్కువ, అని రాశారు. అప్పుడే మధ్యాహ్నం భోజనానికి గొడుగేసుకుని వచ్చిన సూర్యప్రకాశాన్ని గేటు దగ్గర చూసి, "భద్రతా సిబ్బంది వీరేనా?" అని అడిగారు.

"నేను రైసుమిల్లులో పని చేస్తానండి," అన్నాడు సూర్యప్రకాశం.

"అంటే విధుల్లో ఉండవలసిన వేళ వేరే సంస్థలో పనిచేస్తున్నారన్నమాట," అని ఆయనకి అక్కడికక్కడే మెమో ఇచ్చారు. సూర్యప్రకాశం దాన్ని మడిచి జేబులో పెట్టుకుని, కాళ్లు కడుక్కుని భోజనానికి కూర్చున్నాడు.

ఇదంతా చూస్తున్న భ్రమరాంబకి మాత్రం వింతగా ఒక ఊరట కలిగింది. ఇన్నేళ్లలో తనలాగా ఆలోచించే మనిషి ఆవిడకి ఎదురుపడలేదు. పరాంకుశం గారు గ్యాసు సిలిండరు చూసి పేలితేనో అంటున్నారు, నీళ్ల తొట్టి చూసి మునిగితేనో అంటున్నారు. పుట్టింటి మనిషి కనిపించినట్టు అయిపోయింది ఆవిడకి.

"అదే కాదండి బాబూ, నా మటుక్కి నాకు ఆ కొబ్బరిచెట్టు చూస్తే ప్రాణం లేచిపోతాది," అంది దగ్గరికి వచ్చి. "కాయ తిన్నగా వీడి నెత్తిమీద పడితేనో?"

పరాంకుశం గారు తల పైకెత్తి కొబ్బరిచెట్టు చూశారు. ఒక అడుగు పక్కకి జరిగారు. రాసుకున్నారు.

"పిడుగు కూడా ఉందండి. రేకుల షెడ్డు కదా. పాము వస్తేనో? వీడు భయపడి చేతిలో ఉన్న సుత్తి కాలిమీద పడేసుకుంటేనో?"

"అమ్మా!" అన్నాడు శివాజీ పళ్ల బిగువున. "నువ్వు లోపలికెళ్తావా, లేదా?"

ఆవిడ ఆగేలోపే నష్టం జరిగిపోయింది. మర్నాడు వచ్చిన ఉత్తర్వులో కర్మాగారానికి కొబ్బరికాయల వల, పిడుగు నిరోధక స్తంభం, పాము కాటు వైద్యుడు, సుత్తి పడినా నలగని ఇనప బూట్లు ఉండాలని ఉంది. చివర, వీటన్నిటికన్నా పెద్ద అక్షరాల్లో ఇంకో షరతు ఉంది. 'నూతన నమూనా వాహనము అయినందున ప్రయాణికుల భద్రత నిమిత్తము ఢీ పరీక్ష తప్పనిసరి. తయారైన వాహనములలో ఒకదానిని నిర్ణీత వేగముతో కాంక్రీటు గోడకు ఢీకొట్టించి, ఫలితము సంతృప్తికరముగా ఉన్నచో మిగిలిన వాహనములు రోడ్డుపైకి అనుమతించబడును.'

శివాజీ దాన్ని పట్టుకుని మళ్లీ ఆఫీసుకి పరిగెత్తాడు. వెనకాలే భ్రమరాంబ.

"మిగిలినవేంటండీ? ఉన్నదొక్కటే కదండీ!"

"ఒక్కటి ఢీ కొట్టాక మిగిలిన వాటికి అనుమతి వస్తుంది."

"మిగిలేవి ఉండవండి!"

"లేనివాటికి అనుమతి ఇవ్వడం మరీ సులువు," అన్నారు పరాంకుశం గారు ఓదార్పుగా. "ఏ అభ్యంతరమూ ఉండదు. నువ్వేమీ కంగారుపడకు, పరీక్ష ఇక్కడే, మన కార్యాలయం గోడకే. సోమవారం. డిప్యూటీ కమిషనరు చక్రధరరావు గారు స్వయంగా వస్తున్నారు. కారు తేకపోతే అక్రమ కర్మాగారం కింద షెడ్డుతో సహా స్వాధీనం చేసుకుంటాం."

ఇంటికొచ్చి శివాజీ అన్నం ముట్టలేదు. కారు దగ్గరికి వెళ్లి, బానెట్ మీద చెయ్యి వేసి ఊరికే కూర్చున్నాడు. వీర్రాజు గారికి ఫోన్ చేసి ఊరేగింపుకి వేరే కారు చూసుకోమని చెప్పాడు. తల్లిని ఒక్క మాట అనలేదు. అంటే బాగుండునని ఆవిడకి అనిపించింది.

భ్రమరాంబ వంటింట్లోకి వెళ్లి చేటలో బియ్యం పోసుకుని రాళ్లు ఏరుతూ కూర్చుంది. ఎప్పుడూ ఏదో జరుగుతుందని భయపడే మనిషికి, నిజంగా జరగబోయేది ఎదురుగా వచ్చి కూర్చుంటే భయం ఎటో పోయింది. తల ఖాళీగా, తేలిగ్గా ఉంది. ఆ ఖాళీలో ఆవిడకి పరాంకుశం గారు కొబ్బరిచెట్టు కింద ఒక అడుగు పక్కకి జరగడం కనిపించింది. తను 'పడితేనో' అనగానే ఆయన జరిగాడు. చెట్టు కదల్లేదు, కాయ కదల్లేదు, గాలి కూడా లేదు. వలలూ స్తంభాలూ పెట్టుకోగలిగిన భయమైతే రాసుకుని పక్కవాడి మీద వేస్తారు. తమ నెత్తిమీదే పడే భయమైతే?

ఆవిడ చేట దించి షెడ్డులోకి వచ్చింది.

"సోమవారం నువ్వు నోరెత్తకు," అంది కొడుకుతో. "నేను భయపడతాను. నువ్వు చూస్తా ఉండు."

"ఇప్పటిదాకా నువ్వు భయపడింది చాలమ్మా."

"అదంతా ఇంటి వాడకం భయంరా. ఇది వేరు."

సోమవారం కార్యాలయం వెనక స్థలంలో షామియానా వేశారు. 'ఢీ మహోత్సవం' అని బ్యానరు. చక్రధరరావు గారు మెడలో దండతో ముందు వరసలో కూర్చున్నారు. ప్రతిజ్ఞ అయింది. ప్రాణం గురించి ఆయన ఉపన్యాసం అయింది. గోడ మీద సున్నంతో పెద్ద గుండ్రం గీసి, మధ్యలో బొట్టు పెట్టారు. కారుని దానికి ఎదురుగా నిలబెట్టారు. ఎండలో ఆ కారు నల్లగా మెరుస్తూ, జరగబోయేది తెలియని పెళ్లికొడుకులా ఉంది. శివాజీ దానివైపు చూడకుండా నేల చూస్తున్నాడు.

"ఇక కానివ్వండి," అన్నారు చక్రధరరావు గారు.

"అయ్యా," అంటూ భ్రమరాంబ చేతులు జోడించి షామియానా కిందికి వచ్చింది. "చదువు లేనిదాన్ని, తెలీక అడుగుతున్నాను. ఆ గోడ ఎవరిదండి?"

"ప్రభుత్వానిదమ్మా. మన ఆఫీసు గోడే."

"అదేనండి. ఏనుగంత కారు కదా, గోడ పగిలితేనో? ప్రభుత్వం గోడ పగలగొట్టించిన వారెవరని పైవాళ్లు అడిగితేనో?"

"పగలదు, పగలదు," అన్నారు పరాంకుశం గారు.

"పగలకపోతే మంచిదేనండి. మరి మీరు పగలదని రాసిస్తారాండి?"

పరాంకుశం గారు కలం జేబులో పెట్టేసుకున్నారు.

"గోడకి అవతల ఏముందండి?"

"రికార్డు గది."

"అమ్మో! జిల్లాలో బండ్లన్నిటి కాగితాలూ అందులోనేనాండి? కూలిపోయి కలిసిపోతే ఎవరి బండి ఎవరిదో ఎలా తేలుస్తారండీ? నా స్కూటరు మీదంటారు, మీ జీపు నాదంటాను..." భ్రమరాంబ తలెత్తి గోడవెంట పైకి చూసింది. "గది పైన ఆ కిటికీ పరదాలు ఎవరివండి? బాగున్నాయి."

"అది నా చాంబరు," అన్నారు చక్రధరరావు గారు.

చక్రధరరావు గారు మెడలో దండ తీసి పక్క కుర్చీలో పెట్టారు. తన చాంబరునీ, దాని కింద గదినీ, ఆ గది గోడ మీది సున్నపు గుండ్రాన్నీ, దానికి ఎదురుగా ఉన్న కారునీ వరసగా చూశారు.

"వేరే గోడ చూడండి," అన్నారు.

"పక్కది కలెక్టరు గారి బంగళా గోడండి," అన్నారు పరాంకుశం గారు.

"నీకేమైనా మతిపోయిందా?"

"ఇటుపక్కది పోలీసు స్టేషనుదండి."

చక్రధరరావు గారు ఆ గోడవైపు తల కూడా తిప్పలేదు.

"పోనీ ఏదో గోడ దొరికిందే అనుకోండి," అంది భ్రమరాంబ, వాళ్ల కష్టం చూసి జాలిపడుతున్నట్టు. "కార్లో ఎవరు కూర్చుంటారండి?"

"మనిషి కూర్చోడమ్మా. బొమ్మని పెడతాం."

"బొమ్మకి లైసెన్సు ఉందాండి?"

పరాంకుశం గారు నిబంధనల పుస్తకం తీశారు. వాహనము నడిచేటప్పుడు స్టీరింగు వెనక లైసెన్సు కలిగిన వ్యక్తి ఉండి తీరవలెనని అందులో ఉంది. బొమ్మకి లైసెన్సు ఇవ్వాలంటే కంటిపరీక్ష చేయించాలి. "మీరు కూర్చోండి," అన్నారు చక్రధరరావు గారు. "నాకు ప్రమోషన్ దగ్గరపడిందండి, పిల్లలు చిన్నవాళ్లు," అన్నారు పరాంకుశం గారు.

"అలాగని పరీక్ష మానెయ్యకండి బాబూ," అంది భ్రమరాంబ కంగారుగా. "ఉత్తర్వు ఇచ్చి ఎందుకు చెయ్యలేదని ఎవరైనా అడిగితేనో?"

ఇప్పుడు చక్రధరరావు గారి నుదుటిమీద చెమట పట్టింది. చేస్తే గోడ, చెయ్యకపోతే ఉత్తర్వు. ఆయన లేచి షామియానా కింద అటూ ఇటూ తిరిగారు. చాలా ఏళ్ల అనుభవం ఉన్న అధికారి. హఠాత్తుగా ఆగి, కళ్లు మూసుకుని, గొంతు సవరించుకుని, "రాసుకోండి" అన్నారు.

"సదరు వాహనము సదరు గోడను నిర్ణీత వేగముతో ఢీకొన్నట్లుగా ఇందుమూలముగా భావించడమైనది."

ఉద్యోగులందరూ చప్పట్లు కొట్టారు. పరాంకుశం గారికి కళ్లు చెమర్చాయి. ఎవరో సోడాలు తెప్పించారు.

శివాజీ తల్లి చెవిలో, "అంటే అయిపోయినట్టేనా?" అన్నాడు.

అవలేదు. పరాంకుశం గారు ఫైలు మూసి కట్ట కట్టబోతూ ఆగిపోయారు. "అయ్యా, ఒక చిక్కు. ఢీకొన్న వాహనాల ఫైలు తయారీ విభాగంలో ఉండకూడదండి. ప్రమాదాల కిటికీకి వెళ్లాలి."

"పంపించండి."

"అక్కడ దీన్ని ప్రమాదానికి గురైన బండి అంటారండి. ఇంజను మారిందేమిటని అడిగితే, గుద్దుకున్నాక మార్చుకున్నారు, మరమ్మతు, అని రాసుకుంటారు. మరమ్మతు అయితే ఇది పాత కారే అయిపోతుంది. కర్మాగారం ఉండదు."

"ఎవరైనా ఏడుస్తున్నారా కర్మాగారం కోసం?" అన్నారు చక్రధరరావు గారు.

శివాజీ మొదటిసారి తలెత్తి కారువైపు చూశాడు.

అందరూ కలిసి ప్రమాదాల కిటికీ దగ్గరికి వెళ్లారు. అక్కడ కూర్చున్న గుమస్తా ఫైలు విప్పి, ఏ ఆశ్చర్యమూ లేకుండా, "గుద్దినప్పుడు నడుపుతున్నది ఎవరు?" అన్నాడు.

"నా పేరు రాసుకోండి," అన్నాడు శివాజీ ముందుకొచ్చి.

"వద్దు!" అని భ్రమరాంబ కిటికీ ఊచలు పట్టుకుంది.

"అమ్మా, ఉత్తుత్తిదేగా! పేరే కదా!"

"ఉత్తుత్తిదైనా ఒప్పుకోను. ఇన్నాళ్లూ నువ్వు గుమ్మం దాటిన ప్రతిసారీ ఈ మాట వినకూడదనే కదరా దేవుడికి దణ్ణం పెట్టుకుంటున్నాను. నా కొడుకు కారు గుద్దుకుందని నా కళ్లముందు గవర్నమెంటు రాస్తుంటే చూస్తూ నిలబడమంటావా?"

"పేరు లేకపోతే ఫైలు తిరిగి పోతుందమ్మా," అన్నారు పరాంకుశం గారు. "తయారీ విభాగానికే. మళ్లీ గోడ."

ఆవిడ చక్రధరరావు గారి వైపు చూసింది. ఆయన మేడ మెట్లెక్కుతున్నారు. పరాంకుశం గారి వైపు చూసింది. ఆయన ప్రమోషను ఆయన మొహంలోనే ఉంది. శివాజీ వైపు చూసింది. ఎండలో నిలబెట్టిన కారు వైపు చూస్తున్నాడంతే. భ్రమరాంబ ఊచలు వదిలి, కొంగుతో మొహం తుడుచుకుంది.

"నా పేరు రాయండి."

"లైసెన్సు ఉందా?" అన్నాడు గుమస్తా.

"సైకిలు కూడా రాదు బాబూ."

"లైసెన్సు లేకుండా నడిపినందుకు జరిమానా పడుతుంది."

"మావాడు కడతాడు."

"అమ్మా, ఎందుకే..." అన్నాడు శివాజీ. ఆవిడ భుజం మీద చెయ్యి వేశాడు.

"నువ్వు ఊరుకో. నాకేం కాలేదు," అంది ఆవిడ, వాడు నిజంగానే ఆసుపత్రికి చూడ్డానికి వచ్చినట్టు.

గుమస్తా రాయడం మొదలుపెట్టాడు. వేగం చదివి వినిపించాడు. భ్రమరాంబ రెండు చేతులూ చెంపలకేసుకుని, "అంత వేగమా? కాస్త తగ్గించి రాయండి బాబూ, ఊళ్లో నలుగురూ ఏమనుకుంటారు" అంది. నిబంధనలో ఉన్న వేగం తగ్గించడం కుదరదన్నాడు గుమస్తా.

"బ్రేకు వేశారా?"

"ఎక్కినప్పట్నించీ వేస్తానే ఉన్నాను."

"దెబ్బలు?"

"ఏం లేవండి. దేవుడి దయ."

"ఏవో ఒకటి ఉండాలమ్మా. ఏమీ లేకపోతే పైన నమ్మరు."

ఆవిడ ఒక నిమిషం ఆలోచించి, "ఎడం మోకాలు రాయండి. మెట్లెక్కితే నొప్పిగా ఉంటంది," అంది.

గుమస్తా ఎడమ మోకాలు అని రాసి, స్వల్పం అని చేర్చి, కాగితం తిప్పి, అడుగున ఒక్కటే మిగిలిన గడి మీద కలం ఆనించాడు.

"సీటు బెల్టు పెట్టుకున్నారా?"

అన్ని రోజుల్లోనూ మొట్టమొదటిసారిగా భ్రమరాంబకి ఆ ఆఫీసు మీద నిజంగా కోపం వచ్చింది.

"అదేం మాటండీ? నన్ను చూస్తే అంత లెక్కలేని మనిషిలా కనపడతన్నానా మీకు?"